అప్పీలు డిఫాల్ట్ కింద కొట్టేస్తే కేసు ఓడిపోయినట్టేనా?

మీరు అడిగినది ముందు క్లుప్తంగా చెప్తాను, మిగతా వాళ్లకూ అర్థమవుతుంది. మీ అమ్మగారి వయసు 67. ఎకరం ముప్పై సెంట్ల భూమి స్వాధీనం అప్పగించమని జూనియర్ సివిల్ జడ్జి కోర్టు అవతలి వాళ్లకు డిక్రీ (తీర్పు ప్రకారం ఇచ్చే అంతిమ ఉత్తర్వు) ఇచ్చింది. మీరు సీనియర్ సివిల్ జడ్జి కోర్టులో అప్పీలు వేసి స్టే తెచ్చుకున్నారు. మీ లాయరు గారికి ఆరోగ్యం పాడై వాయిదాలకు వెళ్లలేకపోయారు. నవంబర్ 12న, పిలిచినప్పుడు ఎవరూ హాజరు కాలేదని (దీన్నే డిఫాల్ట్ అంటారు) అప్పీలు కొట్టేశారు. ఆ సంగతి మీకు మార్చి 10న ఈ.పి. (డిక్రీ అమలు చేయించమని అవతలివాళ్లు వేసే పిటిషన్) నోటీసు చేతికొచ్చాక తెలిసింది. ఒకాయన హైకోర్టులో సెకండ్ అప్పీలు వేయమంటున్నారు, ఇంకొకాయన ఇక చేసేదేం లేదంటున్నారు.

ఇద్దరి మాటా వినకండి. సివిల్ వైపు ఇరవై ఎనిమిదేళ్లుగా ప్రాక్టీసు చేస్తున్నాను. ఇలాంటి ఫైలు పట్టుకుని కళ్లనీళ్లతో వచ్చినవాళ్లను చాలామందిని చూశాను. మీ అప్పీలుకు ఇంకా దారి ఉంది, అదీ కొట్టేసిన ఆ కోర్టులోనే ఉంది. కానీ రోజులు గడుస్తున్నాయి.

మొదట చేయాల్సిన పని ఆ నవంబర్ 12 నాటి డాకెట్ ఆర్డర్, అంటే ఆ రోజు కోర్టు ఫైలులో రాసిన ఉత్తర్వు, చదవడం. ఈ-కోర్ట్స్ యాప్‌లో మీ అప్పీలు సి.ఎన్.ఆర్. నంబరు, అంటే ఆ పదహారు అక్షరాలూ అంకెలూ కొడితే కేసు స్థితి, ఏ రోజు ఏం జరిగిందీ కనబడుతుంది. డిఫాల్ట్ డిస్మిసల్ అయితే ఆర్డరు సాధారణంగా రెండు మూడు లైన్లే ఉంటుంది. తెలుగులో చెప్పుకుంటే ఇలా: అప్పీలుదారు పిలవగా లేరు, వారి తరఫున ఎవరూ హాజరు కాలేదు, కాబట్టి అప్పీలు డిఫాల్ట్ కింద కొట్టివేయడమైనది. అంతే. సాక్ష్యాల గురించి గానీ, కింది కోర్టు తీర్పు తప్పా ఒప్పా అన్నది గానీ ఒక్క ముక్క ఉండదు. అంటే మీ వాదన ఎవరూ వినలేదు, ఎవరూ తోసిపుచ్చలేదు.

అలా కాకుండా ఆ ఆర్డరులో నాలుగైదు పేజీలు ఉండి, కింది కోర్టు తీర్పు సరైనదేనని జడ్జిగారు చర్చించి ఉంటే అది వేరే సంగతి. సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరు (ఇక్కడ ఆర్డరు అంటే కోడ్‌లో ఒక అధ్యాయం లాంటిది) 17వ రూలు ప్రకారం, వాయిదా రోజున అప్పీలు పిలిచినప్పుడు అప్పీలుదారు హాజరు కాకపోతే కోర్టు అప్పీలును కొట్టేయవచ్చు. కానీ 1976 సవరణ చట్టంతో ఆ రూలు కింద ఒక వివరణ చేర్చారు. అది 1977 ఫిబ్రవరి 1 నుంచి అమల్లో ఉంది. అప్పీలుదారు లేనప్పుడు కేసు బాగోగుల్లోకి వెళ్లి, మెరిట్స్ మీద కొట్టేసే అధికారం ఈ రూలు ఇవ్వదని ఆ వివరణ సారాంశం. సుప్రీంకోర్టు 1996లో అబ్దుల్ రహమాన్ వర్సెస్ అతీఫా బేగం కేసులోనూ, 2012లో ఘనశ్యామ్ దాస్ గుప్తా వర్సెస్ మఖన్ లాల్ కేసులోనూ ఇదే చెప్పింది. కాబట్టి మీ ఆర్డరు పొడవైనదైతే మీ కొత్త లాయరు చేయాల్సిన పని మారుతుంది. అక్కడ ఆ తీర్పే చెల్లదని పై కోర్టులో సవాలు చేయవచ్చు. మీరు రాసిన తీరు చూస్తే మాత్రం మీది చిన్న ఆర్డరే అనిపిస్తోంది. ఇక్కడి నుంచి అలాగే అనుకుని చెప్తున్నాను.

సెకండ్ అప్పీలు ఎందుకు కుదరదో కూడా చెప్పాలి, ఎందుకంటే ఈ సలహా విని హైకోర్టు చుట్టూ తిరిగి ఆరు నెలలు పోగొట్టుకున్నవాళ్లు నాకు తెలుసు. సెకండ్ అప్పీలు డిక్రీ మీద వేసేది. కోడ్ 2వ సెక్షన్‌లో డిక్రీ అంటే ఏమిటో చెప్పినచోటే, డిఫాల్ట్ కింద కొట్టేసిన ఆర్డరు డిక్రీ కాదని స్పష్టంగా రాసి ఉంది. డిక్రీయే లేనప్పుడు సెకండ్ అప్పీలు దేని మీద వేస్తారు?

మీకు సరిపోయేది 41వ ఆర్డరు 19వ రూలు. దీని కింద రీ-అడ్మిషన్ పిటిషన్ వేయాలి, అంటే అప్పీలును మళ్లీ ఫైలు మీదకి తీసుకోమని అడగడం. ఆ రోజు హాజరు కాకపోవడానికి తగిన కారణం ఉందని మీరు రుజువు చేస్తే కోర్టు అప్పీలును తిరిగి తీసుకోవాలి, ఖర్చుల విషయంలో తనకు తగినట్టు షరతులు పెట్టవచ్చు అని ఆ రూలు చెప్తుంది. కొట్టేసే దగ్గర ‘చేయవచ్చు’ అన్న చట్టం, కారణం రుజువైతే తిరిగి తీసుకునే దగ్గర ‘చేయాలి’ అంటుంది. ఆ తేడా గుర్తుపెట్టుకోండి, వాదనలో పనికొస్తుంది.

ఇప్పుడు రోజుల లెక్క. ఎక్కువమంది దెబ్బతినేది ఇక్కడే.

1963 లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ ప్రకారం రీ-అడ్మిషన్‌కు గడువు 30 రోజులు, కొట్టేసిన తేదీ నుంచి. మీకు తెలిసిన తేదీ నుంచి కాదు. ‘మాకు మార్చి 10నే తెలిసింది కదా, ఏప్రిల్ 9 దాకా టైముంది’ అని మీరు రాశారు. అలా అనుకుంటే మునిగిపోతారు. తెలిసిన తేదీ నుంచి లెక్కపెట్టే వెసులుబాటు 123వ ఆర్టికల్‌లో ఉంది. అది ఎక్స్‌పార్టీ డిక్రీ (ప్రతివాది హాజరు లేకుండానే ఇచ్చిన డిక్రీ) పడినవాళ్లకు, అదీ సమన్లు సరిగ్గా అందకపోతేనే. మీరు ప్రతివాది కాదు, అప్పీలు వేసినవాళ్లు. మీ గడువు డిసెంబర్ 12తో ముగిసింది. మీరు మార్చి 20న పిటిషన్ వేశారనుకోండి, ఆలస్యం 98 రోజులు. కాబట్టి రీ-అడ్మిషన్ పిటిషన్‌తో పాటు అదే లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ఆ 98 రోజుల ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషన్ వేయాలి. రోజుల సంఖ్య తప్పు వేయకండి. చాలా పిటిషన్లు ఆ ఒక్క అంకె దగ్గరే ఆఫీసు అభ్యంతరంతో వెనక్కి వస్తాయి, ఆ తిరుగుడులో ఇంకో పది పదిహేను రోజులు పోతాయి.

ఇంకో సంగతి. సర్టిఫైడ్ కాపీ కోసం ఆగకండి. అప్పీలు వేసేటప్పుడు కాపీ తయారయ్యే రోజులను గడువు నుంచి మినహాయిస్తారు. రివ్యూ, రివిజన్‌కూ అంతే. కానీ ఆ మినహాయింపు ఇచ్చే 12వ సెక్షన్‌లో రీ-అడ్మిషన్ పిటిషన్ ప్రస్తావన లేదు. కాపీ అప్లికేషన్ వేసి ఉంచండి, ఈలోగా ఆర్డరు ప్రింటు తీసుకుని మీ లాయరును డ్రాఫ్టింగ్ మొదలుపెట్టమనండి.

అఫిడవిట్ గురించి కొంచెం ఎక్కువగానే చెప్తాను, ఎందుకంటే పిటిషన్ నిలిచినా పోయినా దాని మీదే. నేను ప్రాక్టీసు మొదలుపెట్టిన కొత్తలో ఒక రైతు తరఫున ఇలాంటి పిటిషనే వేశాను. ‘అనివార్య కారణాల వల్ల, ఆరోగ్యం బాగాలేక హాజరు కాలేకపోయాను’ అని రాశాను. జడ్జిగారు తలెత్తి, ఏ కారణం, ఏ రోజు అని అడిగారు. నా దగ్గర జవాబు లేదు. ఆ పెద్దాయనకు నిజంగానే ఒంట్లో బాగాలేదు. ఆస్పత్రి చీటీ ఇంట్లో దూలం సందులో దోపి ఉంది. నేను అడగలేదు, ఆయన చెప్పలేదు. పిటిషన్ కొట్టేశారు, ఆయన హైకోర్టు దాకా వెళ్లాల్సి వచ్చింది. అప్పటి నుంచి నా దగ్గరకు వచ్చిన ప్రతి మనిషిని, ఇంట్లో ఉన్న ప్రతి కాగితం ముక్కా సంచిలో వేసుకుని రమ్మంటాను. మందుల బిల్లు, డిశ్చార్జి సమ్మరీ, ఫోన్‌లో లాయరుతో జరిగిన మెసేజీలు, ఫీజు పంపిన రసీదు, బస్సు టికెట్టు, ఏదైనా సరే.

మీ విషయంలో చెప్పాల్సింది రెండు భాగాలు, వాటిని కలిపేయకండి. ఒకటి, నవంబర్ 12న ఎందుకు ఎవరూ హాజరు కాలేదు. రెండోది, ఆ తర్వాత మీరు పిటిషన్ వేసిన రోజు దాకా ఎందుకు ఆలస్యమైంది. మొదటి దానికి కారణం మీ లాయరు గారి అనారోగ్యం. ఆయన దగ్గరకు మర్యాదగా వెళ్లండి. ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ దాకా చికిత్సలో ఉన్నానని ఆయనే ఒక అఫిడవిట్ ఇస్తే, వైద్యుల కాగితం జతచేస్తే, మీ మాటకు పదింతల బలం వస్తుంది. మా వృత్తిలో ఉన్నవాళ్లు చాలామంది ఇలాంటప్పుడు ముందుకొస్తారు. కోపంతో ఆయన మీద నిందలు రాసి అఫిడవిట్ దాఖలు చేస్తే ఆ సహాయం పోతుంది.

లాయరు తప్పుకు కక్షిదారు బలి కాకూడదని సుప్రీంకోర్టు 1981లోనే రఫీక్ వర్సెస్ మున్షీలాల్ కేసులో చెప్పింది. పల్లెటూరి మనిషి లాయరును పెట్టుకుని, ఫీజు ఇచ్చి, కేసు ఆయన చూసుకుంటాడని నమ్మి ఇంటి దగ్గర ఉంటాడు, కోర్టులో ఆయన ఏం చేస్తున్నాడో కాపలా కాయడం అతని పని కాదు అన్న అర్థంలో ఆ తీర్పు నడుస్తుంది. ఖర్చులు కూడా హాజరు కాని లాయరు నుంచే రాబట్టమన్నారు. మీ అమ్మగారికి అచ్చంగా సరిపోయే తీర్పు. కానీ దాన్నే బ్రహ్మాస్త్రం అనుకోకండి. 1993లో సలీల్ దత్తా కేసులో అదే సుప్రీంకోర్టు, ఇది అన్నిచోట్లా గుడ్డిగా వర్తించే సూత్రం కాదు, వ్యవహారం తెలిసిన కక్షిదారు లాయరు వెనక దాక్కోలేడు అంది. అందుకే మీ అమ్మగారి వయసు, చదువు, కోర్టుకు ఎంత దూరంలో ఉంటారు, చివరిసారి లాయరుతో ఎప్పుడు మాట్లాడారు అన్నవి అఫిడవిట్‌లో రావాలి.

నవంబర్ 12కు ముందు కూడా రెండు వాయిదాలు తప్పాయని రాశారు. అవతలి లాయరు దాన్ని తప్పకుండా పట్టుకుంటారు. జి.పి. శ్రీవాస్తవ వర్సెస్ ఆర్.కె. రాయ్‌జాదా కేసులో 2000లో సుప్రీంకోర్టు చెప్పినది అక్కడ వాడుకోండి. తగిన కారణం ఉందా లేదా అన్నది గైర్హాజరీ నమోదు చేసిన ఆ రోజును బట్టి చూడాలి గానీ, అంతకుముందు జరిగినవాటిని తవ్వి తీయకూడదని అందులో ఉంది. అది ఎక్స్‌పార్టీ డిక్రీ కేసు, అయినా తర్కం ఇక్కడికీ పనికొస్తుంది.

ఇక రెండో భాగం, ఆలస్యం. 1987 నాటి కలెక్టర్, ల్యాండ్ అక్విజిషన్, అనంతనాగ్ వర్సెస్ కాటిజీ తీర్పును ప్రతి లాయరూ జతచేస్తారు. ప్రతి రోజుకూ లెక్క చెప్పాలన్న మాటను మొండిగా పట్టుకోవద్దు, అలాగైతే ప్రతి గంటకూ ప్రతి సెకనుకూ ఎందుకు అడగకూడదు అని ప్రశ్నించిన తీర్పు అది. మంచి తీర్పే, కానీ ఈమధ్య గాలి కొంచెం మారింది. 2024 ఏప్రిల్‌లో, మన ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన పాతపాటి సుబ్బారెడ్డి కేసులో 5659 రోజుల ఆలస్యాన్ని మన్నించడానికి సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. మీది 98 రోజులు, రెండింటికీ పోలికే లేదు. అయినా మార్చి 10 తర్వాత ఎన్ని రోజులు కూర్చున్నారన్నది జడ్జిగారు ముందు చూస్తారు. తెలియక పోయిన నాలుగు నెలలను కోర్టు అర్థం చేసుకుంటుంది, తెలిశాక పోయిన నాలుగు వారాలను అర్థం చేసుకోవడం కష్టం. అందుకే ఈ వారంలోనే వేయమంటున్నాను.

దయచేసి అబద్ధం మాత్రం రాయకండి. లేని జ్వరం, దొరకని డాక్టరు సర్టిఫికెట్టు, చనిపోని బంధువు, ఇవన్నీ నేను చూశాను. అవతలివాళ్లు అదే ఊరివాళ్లు. మీ ఇంట్లో ఎవరికి ఎప్పుడు ఏమైందో వాళ్లకు తెలుసు. ఒక్క అబద్ధం పట్టుబడితే మిగతా నిజాలన్నీ కొట్టుకుపోతాయి.

ఈ.పి. సంగతి. స్టే ఉంది కదా అని ధీమాగా ఉండొద్దు. ఆ స్టే అప్పీలును అంటిపెట్టుకుని ఉంది, అప్పీలు పోగానే అదీ పోయింది. అందుకే అవతలివాళ్లు ఈ.పి. వేయగలిగారు, అందులో వాళ్ల తప్పేం లేదు. మీరు రెండు చోట్లా ఏకకాలంలో కదలాలి. అప్పీలు కోర్టులో రెండు పిటిషన్లతో పాటు, అవి తేలేదాకా డిక్రీ అమలు ఆపమని 151వ సెక్షన్ కింద మూడోది వేయండి. ఈ.పి. నడుస్తున్న కోర్టులో మాత్రం ఎట్టి పరిస్థితుల్లోనూ వాయిదా తప్పొద్దు. అక్కడ వకాలత్ (లాయరుకు ఇచ్చే అధికారపత్రం) వేసి, అప్పీలు కోర్టులో పిటిషన్లు వేశామని మెమో పెట్టి, వాటి నంబర్లు చూపించి టైము అడగండి. అక్కడా ఎక్స్‌పార్టీ అయితే అమీను (కోర్టు ఉత్తర్వు అమలు చేసే ఉద్యోగి) మీ గట్టు మీదకు వచ్చి నిలబడతాడు, అప్పుడు పరుగులు పెట్టి లాభం ఉండదు. అప్పీలు తిరిగి ఫైలు మీదకి వచ్చాక పాత స్టే దానంతటదే బతుకుతుందా అంటే, దావా విషయంలో అలాగే బతుకుతుందని 2004లో వరీద్ జాకబ్ కేసులో సుప్రీంకోర్టు మెజారిటీ చెప్పింది, కోర్టు వేరేగా అంటే తప్ప. కానీ దాని మీద ఆధారపడి నిద్రపోకండి. రీ-అడ్మిషన్ ఆర్డరులోనే స్టే కొనసాగుతుందని రాయించుకోమని మీ లాయరుకు చెప్పండి.

పిటిషన్లు నంబరయ్యాక అవతలివాళ్లకు నోటీసు వెళ్తుంది. బత్తా (నోటీసు పంపే ఖర్చు) కట్టమంటారు, చెప్పిన తేదీలోపు కట్టండి. బత్తా కట్టక ఈ పిటిషనే డిఫాల్ట్‌లో పోయిన కేసులు కూడా ఉన్నాయి, అంతకంటే బాధాకరమైనది ఇంకోటి లేదు. తర్వాత వాళ్లు కౌంటరు (రాతపూర్వక జవాబు) వేస్తారు, వాదనలు జరుగుతాయి. అనుకూలంగా వస్తే చాలాసార్లు ఇంత మొత్తం ఖర్చులు ఫలానా తేదీలోపు అవతలి పక్షానికి చెల్లించాలి అన్న షరతు ఉంటుంది. ఆ తేదీని తేలిగ్గా తీసుకోవద్దు. డబ్బు అవతలి లాయరుకు ఇచ్చి రసీదు తీసుకుని, మెమోతో కోర్టులో దాఖలు చేయండి. వాళ్లు తీసుకోకపోతే కోర్టులో డిపాజిట్ చేయండి. నిజం చెప్పాలంటే ఆ ఖర్చులు న్యాయమే. డిక్రీ చేతిలో పెట్టుకుని మీ అప్పీలు తేలే దాకా ఎదురుచూస్తున్న మనిషి కూడా కోర్టుకు వచ్చి వెళ్తున్నాడు, అతనికీ దారి ఖర్చులున్నాయి.

ఒకవేళ రీ-అడ్మిట్ చేయడానికి కోర్టు ఒప్పుకోకపోతే అప్పుడు హైకోర్టు. 43వ ఆర్డరు 1వ రూలులో దీనికి ప్రత్యేకంగా అప్పీలు హక్కు ఉంది, సి.ఎం.ఎ. (సివిల్ మిసలేనియస్ అప్పీలు) అంటారు. అప్పీలు కోర్టు హోదాలో ఇచ్చిన ఆర్డరు కాబట్టి 106వ సెక్షన్ ప్రకారం నేరుగా హైకోర్టుకే వెళ్తుంది, గడువు 90 రోజులు. మీకు సెకండ్ అప్పీలు అని సలహా ఇచ్చినాయన బహుశా దీన్నే అలా అన్నారేమో. కానీ దీనికి ముందున్న మెట్టు, అంటే రీ-అడ్మిషన్ పిటిషన్, ఎక్కాలి.

కింద వ్యాఖ్యల్లో ఒకరు అడిగారు, మా అప్పీలు హైకోర్టులో ఆఫీసు అభ్యంతరాలు సరిచేయనందుకు ‘ఫలానా తేదీలోపు చేయకపోతే అప్పీలు కొట్టేసినట్టే’ అన్న ఆర్డరుతో పోయింది, మాకూ ఇదేనా అని. సరిగ్గా ఇదే కాదు. మీరు గైర్హాజరు కాలేదు, షరతు నెరవేర్చలేదు. అక్కడ గడువు పెంచమని 148, 151 సెక్షన్ల కింద అడుగుతారు. గడువు దాటిపోయాక కూడా పెంచే అధికారం కోర్టుకు ఉందని మహంత్ రామ్ దాస్ వర్సెస్ గంగా దాస్ కేసులో 1961లోనే సుప్రీంకోర్టు తేల్చింది. అలాగే అప్పీలుదారు చనిపోయి వారసులను చేర్చకపోవడం వల్ల అప్పీలు పోతే అది అబేట్‌మెంట్, దానికి 22వ ఆర్డరు, గడువులు కూడా వేరు. వారసులను చేర్చడానికి 90 రోజులు, అబేట్‌మెంట్ రద్దుకు ఆపైన 60 రోజులు.

మీరు చివర్లో అడిగిన ప్రశ్న, అమ్మకు మోకాళ్ల నొప్పులు, ప్రతి వాయిదాకూ రావాలా అని. అక్కర్లేదు. అఫిడవిట్ మీద ఆమె సంతకం గానీ వేలిముద్ర గానీ కావాలి, అది చదివి వినిపించాకే పెట్టించండి. ఆమె పేరున జరుగుతున్నది ఆమెకు తెలియాలి. అవతలివాళ్లు కారణాన్ని గట్టిగా వివాదం చేసి, కోర్టు సాక్ష్యం తీసుకోవాలనుకుంటే ఒక రోజు బోనులో నిలబడాల్సి రావచ్చు. అప్పుడు కుర్చీ అడగండి, వయసు చెప్తే ఇస్తారు. మిగతా వాయిదాలకు మీరు వెళ్లండి. పిలిచినప్పుడు లాయరు పక్కనే ఉండండి, సాయంత్రం యాప్‌లో తర్వాతి తేదీ చూసి గోడ మీది క్యాలెండరులో రాసుకోండి. కొత్త వకాలత్ మీద మీ ఫోన్ నంబరు కూడా వేయించండి. డాకెట్ ఆర్డరులోని మాటలు ఇక్కడ పెడితే, పేర్లు తీసేసి పెట్టండి, అఫిడవిట్‌లో ఏ పేరాలు ఉండాలో చూసి చెప్తాను.